వంతెన గీసిన చెయ్యి

పారిస్ శివారు స్టూడియోలో, సినిమాలో చిన్న పాత్ర కోసం పాదిరీ వేషం వేసుకున్న ముసలి ఆర్ట్ డైరెక్టర్ పక్కన ఆయన ఒకప్పటి అసిస్టెంట్ వచ్చి కూర్చుంది. ఈ సినిమాకి సెట్లు ఆమెవే.

“చర్చి చాలా బాగా వేశావమ్మా.”

“వేషం మీకు నప్పింది, మెస్యూ.”

“ఆ వంతెన సెట్‌కి నాకు బహుమతిచ్చారు చూడు, దాన్ని గీసింది నువ్వు. వేదిక మీద నీ పేరు చెబుదామనే వెళ్ళాను. చప్పట్లు వినేసరికి నోరు పెగల్లేదు.”

“తెలుసు. ఆ రోజు అమ్మని తీసుకుని నేనూ వచ్చాను.”

“ఆవిడేమంది?”

“నాకు పని నేర్పిన గురువుగారని, లేచి నిలబడి మరీ చప్పట్లు కొట్టింది.”

ఆయన తల దించుకున్నాడు.

“ఇప్పుడైనా వెళ్ళి ఆవిడకి నిజం చెబుతాను.”

“అమ్మ పోయి రెండేళ్ళయింది. చివరిదాకా మిమ్మల్ని మెచ్చుకుంటూనే ఉంది. నేనే చెప్పలేకపోయాను.”