పొద్దును కట్టేసిన సూది

మధ్యాహ్నం గాలి తిరగ్గానే బారువ తెప్పలన్నీ ఒడ్డెక్కేశాయి, ఒక్క కూర్మయ్యది తప్ప. అతని తల్లి బుచ్చమ్మ ఇసకలో నిలబడి నిలబడి, సన్యాసయ్య టీపాక ముందు బల్ల మీద కూలబడింది. ఎదురుగా సముద్రం. వెనకాల కొబ్బరితోటలు, ఆ పైన మహేంద్రగిరి, కొండ నెత్తిన పొద్దు. ఆమె సముద్రాన్ని చూసే ప్రతిసారీ మెడ తిప్పి పొద్దునూ చూస్తోంది.

పొద్దు కుంకేసరికి తెప్ప రాకపోతే ఒడ్డున కొబ్బరాకుల మంట వెయ్యాలి. చీకట్లో ఒడ్డు ఎటుందో తెప్ప మీది మనిషికి ఆ మంటే చెప్పాలి. కానీ దానికి నిప్పు ఆ తెప్పవాడి ఇంటి ఆడదే ఇవ్వాలి. పరాయి చెయ్యి ముట్టిస్తే అది చితి అవుతుందని ఆ పేట నమ్మకం. ఇచ్చిందంటే కొడుకు దారి తప్పాడని తల్లి ఒప్పుకున్నట్టే. అందుకని ఆమెను అడిగే ధైర్యం ఎవరికీ లేదు. ఆకులు మోపులు కట్టి ఇసకలో పడేసి, టీగ్లాసులు చేత్తో పట్టుకుని ఊరుకున్నారు.

ఊరుకోలేనివాడు ఎల్లాజీ. పాక గుంజకు వల తగిలించి, చిరిగిన గళ్లను, పేట మాటలో కన్నులను, సూదితో అల్లుతూ మొదలుపెట్టాడు.

"ఈ సూది మామూలు సూదనుకుంతన్నారేటి? నౌపడ ఉప్పుమడుల కాడ ఓ ముసిలోడు దాహంతో పడున్నాడు, కుండెడు నీళ్లు పోసినాను, ఇది సేతిలో ఎట్టినాడు. దీంతో ఒక కన్ను అల్లితే ఒక గంట కదలకండా ఆగిపోద్ది. ఒక కన్ను ఇప్పితే ఒక గంట ఎనక్కెలిపోద్ది."

"వెదురుముక్కలా ఉందే," అన్నాడు సోంపేట బస్సు కోసం కూర్చున్న రామూర్తి మేష్టారు.

"ఎదురుదేనండి మేష్టారూ, ఎదురు కాదని నానన్నానా? సోంపేటలో బస్సు తప్పిపోనాది నాకు. ఓ కన్ను ఇప్పినాను. ఎలిపోయిన బస్సు ఎనక్కి నడుసుకుంట వొచ్చీసినాది. దిగినోళ్లంతా ఈపు ముందెట్టుకుని మళ్లీ ఎక్కీసినారు. ఆ తరవాతేటైనాదో తెలుసా? టెక్కలిలో మా తోడల్లుడి కూతురి పెళ్లి. రెండో బంతికి అన్నం నేదు. వొంటోడు దొడ్డిదారి ఎతుక్కుంతన్నాడు. నాను మూల కూకుని ఓ కన్ను ఇప్పినాను. తిన్న అన్నం తిన్నట్టే గుండిగలోకి సేరిపోనాది."

"మరి తిన్నోళ్లు?" అన్నాడు సన్యాసయ్య పొయ్యి ఊదుతూ.

"ఆకలితో కూకున్నారు. అదే బాద. మళ్లీ ఆళ్లకే ఒడ్డించాల్సొచ్చినాది."

ఒకరిద్దరు నవ్వారు. బుచ్చమ్మ వైపు చూసి నవ్వు మింగేశారు. ఆమెకు వాళ్ల నవ్వు మీద కోపం లేదు. ఎల్లాజీ మాటల మీదే ఉంది, ఐనా అతను ఆపితే సముద్రం హోరు ఒక్కటే వినిపిస్తుందని భయం కూడా ఉంది. పొద్దు కొండను తాకింది.

"పలాసలో జీడితోట కాడైతే సెయ్యి జారిపోనాది. కన్నులు గబగబా ఇడిపోతన్నాయి. పళ్లు పూలైపోనాయి, పూలు మొగ్గలైపోనాయి, సెట్లు గింజల్లోకి దూరిపోనాయి, తోట పోయి అడివొచ్చీసినాది. ఆ అడివిలోంచి మా తాత, ఇరవయ్యేళ్ల కుర్రోడు, కర్రట్టుకొచ్చి ఎవుడ్రా నువ్వు అని నన్నే గదమాయించినాడు. నీ మనవణ్ణిరా అంటే నమ్మడు. నాకింకా పెళ్లే అవనేదు, మనవడేటి అంటాడు. దండమెట్టి, ఇప్పిన కన్నులకి మళ్లీ ముళ్లేసుకుంట వొచ్చీసినాను."

"పెళ్లి సంబంధం నువ్వే చూసి రావలసింది," అన్నాడు మేష్టారు.

"తొందర్లో మరిసిపోనానండి. అదలాగుంచండి, ఓపాలి కుంకే పొద్దునే పట్టీసినాను. అదిగో, ఆ మహేంద్రగిరి కొనకి కట్టీసినాను. ఇచ్చాపురం దాకా ఎవులింటా దీపం ఎలగనేదు. కోళ్లు గూళ్లకి రానేదు. కోడళ్లు రాత్రి వొంట ఎప్పుడొండాలో తెలీక అత్తల్ని అడిగితే, అత్తలకీ తెలీదు. కలెక్టరు గోరి కాడినుంచి మడిసొచ్చినాడు, బాబూ ఎల్లాజీ, కాస్త ఒగ్గీ అని. అప్పుడు ఒగ్గినాను."

"ఇప్పుడు కట్టు," అంది బుచ్చమ్మ.

ఎల్లాజీ చెయ్యి వల మీద ఆగిపోయింది.

"ఇప్పుడు కట్టు, ఎల్లాజీ. నా గుంటడొచ్చీదాకా."

సన్యాసయ్య ఊదుగొట్టం దించేశాడు. నా తల్లీ, ఇదంతా ఉత్తుత్తిది అని ఎల్లాజీ అనెయ్యొచ్చు. కానీ ఆమె ముఖం చూశాక ఆ మాట అతని నోట రాలేదు.

"కడతానప్పా," అన్నాడు, అక్కకు చెప్పినట్టు. "ఈ ముడి పడీదాకా పొద్దు కదలదు. నువ్వు సూడు."

సూదిని కన్నులో దూర్చాడు. దారం లాగాడు, బిగించకుండా వదిలాడు, మళ్లీ దూర్చాడు. అందరూ కొండవైపు తిరిగారు. బుచ్చమ్మ రెప్ప వెయ్యలేదు. పొద్దు సగం ఉంది. ఒక్క క్షణం నిజంగానే నిలిచినట్టనిపించింది ఆమెకు. అంతలో పావు మిగిలింది. ఆ తరువాత గోరంత. కొబ్బరిమట్టల అంచున ఉన్న ఎరుపు పోయింది.

ఎల్లాజీ మాత్రం తల ఎత్తకుండా ముడి లాగుతూనే ఉన్నాడు. "అవనేదప్పా, ఇంకా అవనేదు, ఇంకొంచెం..."

"పొద్దు ములిగిపోనాది, ఎల్లాజీ," అంది బుచ్చమ్మ. "ఆకులెయ్యి."

ఆమె లేచి సన్యాసయ్య పొయ్యిలోంచి మండుతున్న కట్టె లాగింది. గాలికి చీరచెంగు అడ్డంపెట్టుకుని ఇసకలోకి దిగింది. దారిలో ఎవరి వైపూ చూడలేదు. కట్టెను మోపు కింద పెట్టి, అంటుకునేదాకా వంగి ఊదింది. మంట మనిషి ఎత్తు లేచింది.

కొబ్బరాకు ఎంత బాగా మండుతుందో అంత తొందరగా ఆరిపోతుంది. ఒక మోపు, ఇంకో మోపు, ఆఖరి మోపు. తోటలోకి వెళ్లి పచ్చిమట్టలు నరికేదాకా ఆగే వీల్లేదు. ఎల్లాజీ పరిగెత్తాడు. ఇళ్లల్లో ఒడ్డుకు దగ్గరున్నది అతని పాకే. చూరెక్కి, పైకప్పు ఆకులు పీకి కిందకు విసరడం మొదలుపెట్టాడు. ఎండి తెల్లబడిన ఆకులు. లోపల్నుంచి పెళ్లాం తలెత్తి, ఆకాశం కనబడి, ఇదేం పని అని తిట్టింది. అతను జవాబు చెప్పలేదు. పేటలో ఎల్లాజీ జవాబు చెప్పకపోవడం అదే మొదలు.

మేష్టారు బస్సు వచ్చి, హారన్ కొట్టి వెళ్లిపోయింది. ఆయన పంచె పైకి దోపుకుని ఆకులు మోస్తున్నాడు.

హోరులో ఎక్కడో ఒక కేక వినబడ్డట్టయింది. సన్యాసయ్య చెయ్యెత్తి అందర్నీ ఆగమన్నాడు. మళ్లీ వచ్చింది, ఈసారి దక్షిణం వైపు నుంచి, సన్నగా.

"ఆడేనప్పా, కూర్మయ్యే," అన్నాడు ఎల్లాజీ చూరు మీదనుంచి.

బుచ్చమ్మ చీకట్లోకి చూస్తూ, ఇంకో ఆకు కోసం చెయ్యి వెనక్కి చాపింది.

"మంట తగ్గతంది," అంది. "ఇంకా పీకు."