మల్లికకు పది రోజుల రెస్టు

నిన్ను ఎవలడిగిండ్రు శివకుమార్? పీడీ సార్ కాడికి పోయి, "మల్లికకు మస్తు దెబ్బలు తగుల్తున్నయ్ సార్, కబడ్డీ టీంల కెళ్లి తీసెయ్యిండ్రి" అని చేతులు కట్టుకొని చెప్పినవంట. నాకు తెల్వకుంట నాకు పెద్దమనిషివి ఎప్పుడైనవ్?

సార్‌కు గూడ ఉన్నట్టుండి నా మీద జాలి పొంగింది. పది రోజులు గ్రౌండుకు రావద్దట, ఇంట్ల రెస్టు తీస్కోవాల్నట. సోమవారమే నల్లగొండల సెలెక్షన్లు. నా జాగాల నిరోష పేరు రాసిండు. సెలెక్టయితే నెల రోజులు క్యాంపు, హాస్టల్ల పండుడు. గా నెల కోసమే గద నేను ఇన్ని రోజుల సంది ఊపిరి బిగవట్టి కూత పెడుతున్న.

నిన్న ప్రాక్టీసుల జెర్సీ లేస్తే నా వీపు చూసినవ్, గదేనా నీ బాధ? నువ్వు గూడ రైడర్‌వే గద, జర చెప్పు. మోకాళ్లు చెక్కుకపోతయ్, సరే. మోచేతులు కొట్టుకపోతయ్, సరే. వీపు మీద కట్టె వాతలు ఏ పాయింట్‌కు పడ్తయ్?

మా బాపును ఎరుగుదువు గద, లింగస్వామి. హాలియా సంతల గొర్లమ్మేటోళ్లందరికీ పేపర్ల నా ఫొటో చూపెట్టుకుంట తిరుగుతడు, "నా బిడ్డ ఎవ్వనికీ దొరకది" అని. ఇంటికొచ్చినంక, నిక్కరేసుకొని ఆడినందుకు తలుపు గడియ పెడ్తడు. గొర్లు కాసే కట్టెనే. సూడి గొర్రె మీద మాత్రం గా కట్టె లేపడు, పాపం తగుల్తదట.

మా అవ్వ పసుపు రాసుకుంట, "ఆటల తాకిందను బిడ్డా, ఇజ్జత్ పోతది" అంటది. గట్లనే అన్న. దవాఖానల అన్న, సార్‌కు అన్న, నీకు గూడ అన్న. పాపం కబడ్డీ, చెయ్యని తప్పులన్నీ మోసింది. గ్రౌండ్ల ఏడుగురు మీద పడ్డా విజిల్ కొడితే ఇడిసిపెడ్తరు గద.

ఇప్పుడు నీ పుణ్యాన పది రోజులు గా కట్టె పక్కనే రెస్టు.

సారీ గీరీ నాకొద్దు. పా, సార్ ఇంకా పోలే. ఉన్నది ఉన్నట్టు నేనే చెప్త. నువ్వు పక్కన నిలబడు, చాలు.

ఇంకోటి. మొన్న మ్యాచ్ గెల్సినంక నా చేతికి చెయ్యి కొడ్దామని లేపినవ్, నేను మొఖం దాచుకున్న. పొగరనుకున్నవ్ గద? కాదు. నువ్వంటే నాకు ఇష్టమే.

చెయ్యి మాత్రం జర మెల్లగ లేపు.