కుకీకి బదులు

హైటెక్ సిటీలో ఒక పెద్ద అపార్ట్‌మెంటు. మధ్యాహ్నం మూడు గంటలు. గేటు దగ్గరి గదిలో వాచ్‌మన్ ఐలయ్య, పన్నెండో అంతస్తులో పనిచేసే రాజమ్మ. ఇద్దరి మధ్య ఒక చెప్పుల డబ్బా.

“మూత మొత్తం తియ్యకు. దూకుతది.”

“ఏడ దూకుతదన్నా, ముడుచుకొని పండుకున్నది.”

“జ్వరమున్నట్టున్నది. పొద్దున చెట్ల కాడ దొరికినప్పటిసంది గట్లనే ఉన్నది. తులసి నీళ్లు పోసిన.”

“తాగిందా?”

“మూతి తుడుసుకున్నది.”

“మంచిగున్నది. ఇది నాకియ్యి అన్నా.”

“ఉడుతను ఏం జేసుకుంటవ్ రాజమ్మా?”

“పైన పెడత. ప్రియదర్శిని మేడమ్ ఇంట్ల.”

“ఆమెకు ఒకటున్నది గద. ఆస్ట్రేలియా ఉడుత. కుకీ.”

“ఉండె.”

“ఉండె అంటే?”

“పొద్దున అది పండుకునే గుడ్డ సంచి బాల్కనీల దులిపిన. దుమ్మున్నదని. లోపల అది పండుకొని ఉన్నది.”

“పన్నెండో అంతస్తు నుంచా?”

“దులిపినంక యాదికొచ్చింది.”

“కిందికి చూసినవా?”

“కండ్లు మూసుకున్న. హనుమంతుని పేరు చెప్పుకున్న. తెరిచేసరికి ఏం లేదు. గద్ద తన్నుకపోయినట్టున్నది.”

“రామ రామ.”

“మేడమ్ నాలుగింటికి వస్తది. ఆ సంచిల ఏదో ఒకటి పండుకొని ఉండాలె. లేకపోతే అపార్ట్‌మెంటోళ్ల వాట్సాప్ గ్రూపుల పెడతది. ఒక్క ఇల్లు గాదు, గేటు యాప్‌ల నా పేరే తీసేస్తరు. రేపు నన్ను ఆపేటోనివి నువ్వే.”

“నేనెట్ల ఆపుత?”

“ఆపకపోతే నీ పని పోతది. లింగంపల్లి నుంచి వచ్చి, నీ మొఖం చూసి, మళ్ల వాపస్ పోవాలె నేను.”

“జర నిదానం. ఫోటో ఉన్నదా దానిది?”

“ఉన్నది. ఇగో. పక్కన పెట్టి చూడు.”

“కండ్లు గోలీల లెక్క ఉన్నయి దానికి.”

“మరి దీనికి?”

“ఇందాక ఒకసారి తెరిచింది. దీనికీ గోలీలే. జ్వరానికి ఉబ్బినయేమో.”

“తోక కొసకు నల్లగుంటది కుకీకి.”

“దీనికీ నల్లగనే ఉన్నది. జనరేటర్ కాడ తిరిగినట్టున్నది.”

“ఏం తిన్నది?”

“పల్లీలు పెట్టిన, ముట్టలే. ప్రసాదం అరటిపండు తిన్నది. భక్తి ఉన్నది దీనికి.”

“కుకీ కూడ పండ్లే తింటది. దానికేం భక్తి లేదు. ఇగ చర్మం చూడు. కుకీకి చంకల కాడ వదులు చర్మం ఉంటది, గొడుగు లెక్క. దాంతోని చెట్టు మీదికెల్లి చెట్టు మీదికి తేలుకుంట పోతదట.”

“దీనికీ వదులుగనే ఉన్నది. ముసలిదేమో. అయితే నీ కుకీ తేలుకుంటనే దిగి ఉంటది గద?”

“చెట్టు నుంచి చెట్టుకు అన్నది మేడమ్. బిల్డింగుల ముచ్చట చెప్పలే.”

“అది పగలంత పంటదా?”

“పగలంత పంటది, రాత్రంత మేలుకుంటది.”

“నైట్ షిఫ్టు.”

“రాత్రి కుక్కపిల్ల లెక్క మొరుగుతది కూడ.”

“దీనికి మొరుగుడు ఎవరు నేర్పాలె?”

“అక్కర్లే. మేడమ్ రాత్రి చెవులకు అవి పెట్టుకొని అమెరికాతోని మాట్లాడుతది. ఇనదు. అన్నీ కలిసినయన్నా. ఒక్క గీతల కాడనే పరేషాన్. కుకీ వీపు మీద ఒక్కటే గీత. దీనికి మూడు.”

“మూడుంటేనే ఉడుత. రాములవారు నిమిరిన వేళ్లు.”

“ఆస్ట్రేలియాదాన్ని నిమరలేదా మరి?”

“వారధి కట్టంగ అది రాలేదు గద.”

“రాకపోతే దాని తప్పా? అంత దూరంల పుట్టింది. దానికి ఎవరు చెప్పిన్రు, ఇట్ల వారధి కడుతున్నరని?”

“అంత దూరం ఒక్క వేలే అందిందేమో.”

“అందింది గద. చాలు. ఇగ దీనియి పక్క రెండు తుడిచేద్దాం. తడిగుడ్డ తెచ్చిన.”

“వద్దు.”

“ఏమైతది?”

“దేవుని గీత ఎవరన్న తుడుస్తరా? పాపం.”

“నా పని పోతే పుణ్యమా? దేవుని గీతలైతే తడిగుడ్డకు పోవు. పోతే దేవునియి గావు. గంతే గద?”

“రాజమ్మా, తుడువకు.”

“ఆగు. మన ఉడుతలకు గీతలు తెల్లగుంటయి గద. దీనియి నల్లగున్నయేంది?”

“ఎండకు.”

“ఎండకు నల్లగైతయా?”

“మనం కాలేదా?”

“డబ్బా ఇటియ్యి అన్నా.”

“దానికి జ్వరం. తడి తగలొద్దు.”

“జ్వరం నాకు వస్తది నాలుగింటికి. ఇటియ్యి... ఇగో, పోతున్నది. గుడ్డకు నలుపు అంటుతున్నది. ఇటు పక్కది పోయింది. అటు పక్కది గూడ పోయింది. నడిమిట్లది పోతలేదు. ఎంత రుద్దినా పోతలేదన్నా.”

“అది పోదు.”

“ఎందుకు పోదు? ఐలన్నా, అటు చూడకు. నా మొఖం చూసి చెప్పు.”

“దొరికినప్పుడు దీనికి ఆ ఒక్క గీతే ఉండె రాజమ్మా. దేవుడు మరిచిపోయిండనుకొని, మిగిలిన రెండు దీపం మసితోని నేనే గీసిన.”