రాజేశం డప్పు లేని పార్టీ

ఓదెలు ఉన్నడు గదా, తాళ్లెక్కి కల్లు గీసేటోడు, ఆయన గొంతెత్తిండంటే అంగడంత ఆగి వినేదంట. ఆయన పాటకు రాజేశం డప్పు. చిన్నప్పటి జోడి అనుకో. పెద్ద ఎర్రజెండా పార్టీ మీటింగు యాడున్నా, ఓదెలు ఒక చరణం పాడి ఆగాలె, రాజేశం డప్పు మీద జవాబియ్యాలె, అప్పుడే ఇంకో చరణం. ఆ జవాబు రాకుంటే ఓదెలుకు ముందుకు పోబుద్దే గాకపోయేది. ఏమైందంటే, ఎలక్షన్లొచ్చినయి. పార్టీ పోయి దొర కొడుకుతోని పొత్తు పెట్టుకున్నది. ఎవని భూమిల జెండాలు పాతినమో వానికే ఓటెయ్యుమని పాడాల్నా నేను, అన్నడంట ఓదెలు. రాజేశమేమో, పార్టీ చెప్పినంక చెప్పినట్టే బావా, పెద్దోళ్లకు తెల్వదా అన్నడు. అయితే నువ్వుండు, నేను పోత అని ఓదెలు లేశిండు. లేశిండు గని, ఎన్కకు జూసుకుంటనే పోయిండు.

ఇగ సొంతంగ పార్టీ పెడుతున్నడు. ఎవరున్నరు? బీడీలు చేసే ఆడోళ్లు, ఇద్దరు ముగ్గురు గీతోళ్లు, నేను. నవ్వకుండ్రి, అప్పుడు నా మీసాలు నల్లగనే ఉండె. పేరు రెక్కల కష్టం పార్టీ. జెండా ఓదెలు పెండ్లాం లచ్చవ్వ కుట్టింది. అదే ఎరుపు. ఏం మార్చాలె అంటే ఓదెలుకు ఏం తోచక, నడుమ ఒక తాడిచెట్టు పెట్టుమన్నడు. అంగడి రేకుల షెడ్డు కింద మీటింగు. జనమొచ్చి కూసున్నరు, ఓదెలు మాత్రం సడక్ దిక్కే చూస్తున్నడు. రాజేశానికి కబురు పంపిండంట, నువ్వు పార్టీ మారకపోయినా సరే, ఒక్క పాటకు డప్పు కొట్టి పో అని. బీడీల బుచ్చవ్వ, పొద్దుగూకుతంది ఓదెలన్నా, డప్పు నేను కొడుత అన్నది. వద్దు, అది రాజేశం జాగ అన్నడు.

ఆఖరికి తాడు గుంజిండు. జెండా విచ్చుకున్నది. పిడికిలి లేపి కేకేసిండు. ఏమని? పాత పార్టీ పేరే వచ్చింది నోట్లకెళ్లి. మేమేమన్నా తక్కువా, అందరం ఒక్క గొంతుతోని జిందాబాద్ అన్నం. అన్నంక మొఖాలు మొఖాలు చూసుకున్నం. ఇన్నేండ్ల అలవాటు, నోరేం చేస్తది. ఇగ పాటందుకున్నడు. చరణమయినంక ఆగిండు. సడక్ దిక్కు జూసి జూసి, డప్పు జవాబు రాకున్నా ఇంకో చరణమెత్తుకున్నడు.

తెల్లారి చాయ హోటలు మల్లక్క చెప్పింది. రాజేశం వచ్చిండంట. హోటలు ఎన్క గడ్డి మంటేసి డప్పు కాపుకొని, షెడ్డు దిక్కు బయలెల్లినోడు ఆ కేక విన్నడంట. నా పార్టీని ఎక్కిరియ్యనీకి నన్ను పిలిచిండా అని, డప్పు సంకల పెట్టుకొని మర్లిపోయిండంట. పోయి అసలు సంగతి చెప్పరాదే అన్న నేను ఓదెలుతోని. ఏమని చెప్పాలెరా, పార్టీ పెట్టిన దినమే పాత పార్టీకి జై కొట్టిన్నని చెప్పాల్నా, నన్ను నమ్మి వచ్చినోళ్ల పరువేంగావాలె, అన్నడు ఓదెలు. అనుకుంట ఏడ్సిండు. ఆయన పోలే, రాజేశం రాలే. ఒక్క వాడకట్టులనే ఇద్దరు ముసలోళ్లయిండ్రు. ముందుగాల రాజేశం పోయిండు, ఎన్కనే ఓదెలు.

పార్టీ ఏమైందంటరా? ఉన్నది. సర్పంచి సుత గెల్వలే గని ఉన్నది. ఏటేటా ఆ షెడ్డు కిందనే జెండా లేపుతం. పిల్లలు ఓదెలు పాట పాడుతరు. చరణమయినంక ఆగుతరు, ఓదెలు ఆగినంతసేపు. పాట గట్లనే ఉంటదనుకుంటరు వాళ్లు. నేనైతే ఆ జరసేపు సడక్ దిక్కు చూస్త.