పెంకల మిత్తి

హుస్నాబాద్, 1967, ఉగాదికి ముందు రోజు. మందమర్రి బొగ్గుబావి నుంచి వచ్చిన తమ్ముడు నాగయ్యను ఐలవ్వ వెనకింటి వసారాలో కూర్చోబెట్టి, గింజలు తీయమని చింతపండు గంప ముందుకు తోసింది. తమ్ముడు ఊరికే రాడని ఆమెకు తెలుసు. ఎందుకొచ్చాడో కూడా తెలుసనే అనుకుంది.

"గడువయిందంటే? దేని గడువురా?"

"గదే అక్కా… కాగితం గడువు."

"ఏం కాగితం?"

"పెంకల కాగితం."

"పెంకలేసి తొమ్మిదేండ్లాయె. ఇంక పెంకల కాగితమేంది?"

"సావుకారి కైలాసం కాడ తెచ్చిన గదా, నాలుగు నూర్లు. ఇల్లు కుదువ పెట్టి."

"తెచ్చినవ్. ఊరందరికి తెల్సు. బాపు పోయి ఏడాది తిరగలే, నీ ముందటి సగం మీద నాటు గూనపెంక పీకేసి బెంగుళూరు పెంకలెక్కిచ్చినవ్. ఉండేదేమో మందమర్రిల కంపెనీ కోటర్ల. నువ్వుండని ఇంటికి పెంకలెందుకురా అంటే, 'బొగ్గుబాయి నాగయ్య ఇల్లు అనాలె' అంటివి."

"అన్నరు గదా."

"అన్నరు. కోతులు ఎక్కి పలగ్గొట్టినప్పుడల్ల అన్నరు. నా ఎనుకటి సగం మీద బాపు కప్పిన గూననే ఉన్నది. వానకు ఏది కురిసిందో ఎర్కేనా? నీ పెంకలే కురిసినయ్."

"జర చాయ్ పెడ్తవా అక్కా?"

"చాయ్ ఎన్కకు. గింజలు తీసుకుంట మాట్లాడు. చేతులు ఊకె ఉంటే నీ నోట్లకెల్లి నిజం రాదు. ఎంతున్నది బాకీ?"

"నాలుగు నూర్లు."

"తొమ్మిదేండ్ల సంది? వడ్డి లేకుంటనే?"

"మిత్తి ఉంటది గని… కైలాసం గసోంటోడు కాదక్కా. ఊర్లె నూటికి నెలకు మూడు తీసుకుంటుండ్రు, నాకు రెండుకే ఇచ్చిండు. ఇన్నేండ్లల్ల ఒక్కసారి సుత పైసలడుగలే. ఎదురు పడ్డా 'ఏం నాగయ్యా, పిల్లలు మంచిగున్నరా' అంటడు. గంతే."

"అడుగలేదని నువ్వేమిచ్చినవ్?"

"ఏమిస్తనక్కా?"

"నాకు తెల్వదా? ఏటేట దసరకు బస్తెడు కంపెనీ బొగ్గు బస్సు మీదేసుకొని వస్తవ్. నా పొయ్యికి ఒక్క పెల్ల ఇయ్యలే. సీదా తీస్కపోయి కైలాసం వాకిట్ల దించుతవ్."

"గది మరి… మర్యాద. పైసలడుగని మనిషికి జర ఇయ్యద్దా?"

"మర్యాద! తొమ్మిది దసరలు, తొమ్మిది బస్తాలు. నీ మర్యాద మీద వానింట్ల పప్పు ఉడికింది. ఓరి పిచ్చోడా, అడిగెటోడు మంచోడురా. వానితోని లొల్లి పెట్టుకుంటవ్, ఏదో ఒకటి కడ్తవ్. అడుగనోడే ఇల్లు మింగుతడు."

"అందర్ని ఒక్క తీరుగ అనకు."

"దశరథంను ఏం జేసిండు? గాయినె సుత 'కైలాసం దేవుడు' అన్నడు. దశరథం ఇల్లిప్పుడు ఏముంది?"

"…గోదాము."

"కైలాసం బియ్యం గోదాము. దశరథం అండ్లనే బస్తాలు మోస్తుండు. అవ్వ తనను కన్న అర్రల బస్తాలు పేరుస్తుండు. మూడేండ్లకోసారి నీ కాగితం తిరగరాసిండా?"

"రాసిండు. అరవై ఒకట్ల ఒకసారి, అరవై నాలుగుల ఒకసారి. లేకుంటే కాగితం సచ్చిపోతదట. కోర్టుల చెల్లదట."

"రాసిన నాడు ఏం జేసిండు?"

"ఏం జేస్తడు? చాయ్ తాపిచ్చిండు. పాత కాగితం నా కండ్ల ముంగటనే పరపర చింపిండు. కొత్తదాని మీద ఏలుముద్ర ఏసొచ్చిన. రూపాయి సుత అడుగలే."

"చింపుతుంటే సంబురపడ్డవా?"

"ఎందుకడుగుతున్నవ్?"

"పడ్డవా లేదా?"

"జరంత పడ్డ."

"బాకీ సుత చినిగిపోయిందనుకున్నవ్."

"గట్లనుకోలే! గట్ల కాదు గని… మళ్ల మొదటి నుంచి షురువైనట్టు అనిపిచ్చింది."

"నీ తెలివి తెల్లారినట్టే ఉన్నది. కొత్త కాగితంల ఎంతని రాసిండు?"

"గదే రాసి ఉంటడు."

"గదే అంటే?"

"నాలుగు నూర్లు… మీద గా మిత్తి."

"చదివిచ్చుకున్నవా?"

"నమ్మకం మీద అక్కా…"

"చదివిచ్చుకోలే. సంఘం ఆఫీసుల నీ జీతం కాగితం నలుగురితోని చదివిచ్చుకుంటవ్, పావలా తక్కువొస్తె లొల్లి పెడ్తవ్. ఇల్లు రాసిచ్చిన కాగితం మాత్రం నమ్మకం మీద! గా గింజలు ఇటు జరుపు."

"ఎందుకు?"

"జరుపుమంటున్న. గింజకు పది రూపాలు. నలభై గింజలు లెక్కవెట్టు."

"చిన్నపిల్లగాన్ని చేస్తున్నవక్కా నన్ను."

"చిన్నపిల్లగానికి గింత సేపు పట్టదు. పెట్టు."

"…ముప్పై తొమ్మిది, నలభై."

"గిది నువ్వు తెచ్చింది. నూటికి నెలకు రెండైతే ఏడాదికెంత?"

"ఇరవై నాలుగు."

"మూడేండ్లకు?"

"డెబ్బై… డెబ్బై రెండు."

"అంటే పది గింజలకు ఏడు గింజలు పుడ్తయ్. చిల్లర ఇడిసిపెట్టు. నలభై గింజలకు?"

"ఇరవై ఎనిమిది."

"పక్కన పెట్టు. కలుపు."

"అరవై ఎనిమిది."

"అరవై ఒకట్ల నువ్వు చాయ్ తాగొచ్చిన నాడు నీ బాకీ ఆరు నూర్ల ఎనభై. నాలుగు నూర్లు గాదు."

"గట్లెట్లయితది? అసలు అసలే, మిత్తి మిత్తే. నాలుగు నూర్లకు మిత్తి ఎన్నేండ్లకైనా నాలుగు నూర్లకే గదా పడేది."

"ఎవలు చెప్పిండ్రు నీకు?"

"ఎవలు చెప్పుడేంది, గది లెక్క."

"గది నీ లెక్క. పాత కాగితం ఎందుకు చింపిండనుకున్నవ్? నీ మీద పావురమా, ప్రేమా? పాతదాంట్ల అసలు ఏరు, మిత్తి ఏరు. కొత్తదాంట్ల మొత్తం అసలే. నీ ముందటనే మిత్తిని అసలు చేసిండు, నువ్వు సంబురపడుకుంట చూసినవ్. ఇగ అరవై ఎనిమిదికి పెట్టు. పదికి ఏడు."

"…నలభై ఏడు. మీద జర ఉంటది."

"ఉండనీ. నా దిక్కు నుంచి మాఫీ. కలుపు."

"నూట పదిహేను."

"అరవై నాలుగు నాటికి గది. మళ్ల చింపిండు, మళ్ల చాయ్ తాపిచ్చిండు. ఇగ నూట పదిహేనుకు పెట్టు."

"గింజలు ఒడిసినయ్ అక్కా."

"ఎట్ల ఒడుస్తయ్? గంపల మస్తున్నయ్. తియ్యి, పెట్టు."

"ఎనభై అయితయ్…"

"కలుపు."

"నూట తొంభై అయిదు."

"రూపాలల్ల చెప్పు."

"పందొమ్మిది నూర్ల యాభై."

"చిల్లర మాఫీ చేస్తె గంత. కైలాసం మాఫీ చెయ్యడు."

"చెయ్యలే."

"ఏంది?"

"కార్డు రాసిండు. పదిరోజులైంది. రెండువేల ముప్పై అయిదు రూపాల ముప్పై ఎనిమిది పైసలట."

"కార్డొచ్చిందా! మరి ఇందాక నాలుగు నూర్లు అంటివి?"

"చెప్తె తిడ్తవని."

"ఇప్పుడు ముద్దు పెట్టుకుంటున్ననా? ముప్పై ఎనిమిది పైసలు సుత ఇడువలే, చూడు. తొమ్మిది బస్తాల బొగ్గు కాల్చుకున్నోడు! నువ్వు ఇంటి మీదేసింది వెయ్యి పెంకలు. ఒక్కో పెంక రెండు రూపాలు పడ్డదిరా నీకు. రెండు రూపాలకు కోడిపెట్ట వస్తది. నెత్తి మీద వెయ్యి కోళ్లను కూసోవెట్టినవ్. ఒక్కటన్న గుడ్డు పెట్టిందా?"

"నవ్వకక్కా. నాకు నిద్ర పడ్తలేదు."

"ఇప్పుడు పడ్తలేదు. తొమ్మిదేండ్లు గుర్రుపెట్టినవ్. చేతికున్న గడియారం ఎంతకు కొన్నవ్?"

"గిదా? నూట పది."

"నెలకు పదిహేను పడేస్తె ఏమయ్యేది? ఎనిమిది మిత్తికి పోయేది, ఏడు అసలుకు తెగేది. అసలు తగ్గిన కొద్ది మిత్తి తగ్గేది. నాలుగేండ్లు నిండకముందే కాగితం నీ చేతిల ఉండేది. గోటితోని పోయేదానికి గొడ్డలి దాక తెచ్చినవ్. నేను అంగట్ల మిరపకాయల బేరానికి పొద్దుగాల పది అప్పు తెచ్చి పొద్దుమీకి పదకొండు కడ్త. ఒక్క రాత్రి మీదికి రానియ్య. ఎందుకు? మనం పండుకుంటం గని మిత్తి పండుకోదు. దానికి ఆదివారం లేదు, పండుగ లేదు. నీ బొగ్గుబాయిల లెక్క రాత్రి షిఫ్టు సుత చేస్తది."

"నెలకు పదిహేను నాకెక్కడియి? పిల్లల బడి, బాలలక్ష్మి దవఖాన ఖర్చు…"

"మీసాలకు సంపెంగ నూనె. గదెందుకు చెప్పవ్? రేడియో కొన్నవ్. పెండ్లాం దవఖాన పేరు అడ్డం పెట్టకు. బాలలక్ష్మికి తెల్సా కార్డు సంగతి?"

"చెప్పలే."

"ఆమెకు చెప్పలే. నాకు చెప్తున్నవ్. ఎందుకో నాకు తెల్వదనుకున్నవా? నువ్వు గడప తొక్కినప్పుడే నా కాళ్ల దిక్కు చూసినవ్. ఈ వెండి కడాలు ఇయ్య. అవ్వ పెట్టినయ్, నాతోనే పోతయ్."

"కడాల కోసం రాలే."

"మరి తిరగరాయమను. నీకలవాటేనాయె. ఇంకో చాయ్ తాగు."

"ఈసారి రాయడట. ఇల్లు ఎంత చేస్తదో గంత అయిందట బాకీ. ఇగ రాసి ఫాయిద లేదట. పండుగ తెల్లారి తాళమేస్తడట."

"ఎల్లుండా?"

"ఎల్లుండి."

"ఏసుకోనీ."

"అక్కా!"

"ఏసుకోనీ అంటున్న. నువ్వుండని ఇల్లు, నువ్వు తీరువని బాకీ. ఏడ్వనీకి సుత నాకు తీరిక లేదు. నీకు నౌకరి ఒడిసినంక కంపెనీ కోటర్ల నుంచి సామాన్లు బయట పడేస్తది. గప్పుడు యాడికి పోతవ్?"

"గదే నా ఫికరు. పదేండ్లల్ల నన్ను దింపుతరు. ఇంకేడ జాగలేదు నాకు."

"ఫికరు జెయ్యకు. బాపు పోయేటప్పుడు పెద్దమనుషుల ముంగట ఏమన్నడు? ముందటిది కొడుకుకు, ఎనుకటిది మొగడు పోయి వచ్చిన బిడ్డకు. నీ సగం ఎన్నడో పోతదని ఆయినెకు సుత తెల్సు కావచ్చు. నా సగం నాకున్నది. గీ వసారల నీకు మంచమేస్త. రెండు పూటల బువ్వ పెడ్త. పూటకోసారి తిడ్త. గింజలు తియ్యి, చేతులాగినయ్."

"నా మాట జర ఇను."

"ఇంటనే ఉన్న పొద్దుగాల సంది. గోడ అవుతల కైలాసం బస్తాలు పేర్చుకోనీ, గోడ ఇవుతల నేనుంట. ఎలుకలు వస్తె పిల్లిని సాదుకుంట. కడాలు వద్దంటివి, బువ్వ పెడ్తనంటే నా మాట ఇనుమంటివి. మరి మందమర్రి నుంచి దేనికొచ్చినవ్? ఉగాది పచ్చడి తిననీకా?"

"అరవై నాలుగుల తిరగరాసే ముంగట కైలాసం ఒక మాటన్నడు. బాకీ పెరిగింది నాగయ్యా, ముందటి సగం చాలదు అన్నడు."

"చాలకుంటే?"

"ఎంత పెరిగిందని నేనడుగలే."

"నువ్వడుగవ్. గది కాదు, చాలకుంటే ఏం జేసిండని అడుగుతున్న."

"నువ్వప్పుడు అంగట్ల మిరపకాయల రాశి ముందట కూసున్నవ్. మస్తు గిరాకున్నది. నేను, కైలాసం గుమస్త వచ్చినం. గుమస్త చేతిల ఇంకు డబ్బి ఉన్నది."

"ఇంకు డబ్బి దేనికి?"

"చెప్దామనే వచ్చినక్కా, అవ్వ తోడు. ఏం కాగితమని అడుగుతవ్, అడిగితే చెప్త అనుకొని నిలవడ్డ. నువ్వు నా మొఖం సుత చూడలే. 'నువ్వు మోసుకొచ్చిన కాగితంల ఏముంటది, బేరం చెడగొట్టకు, ఇటు తే' అని ఏలు ఒత్తినవ్. నీ సగం సుత గా కాగితంలనే ఉన్నదక్కా."