ఉతికిన నీడ

మార్కాపురంలో ఒక అమ్మాయి, వెలుగు తగిలితే రంగు మారే మందును గుడ్డకు పూసి, దాని మీద మనుషుల్ని ఎండలో పడుకోబెట్టి నీడబొమ్మలు తీస్తుంది. ఆ మధ్యాహ్నం ఆమె చీకటి గది తలుపును అక్క మొగుడు గొడ్డలితో పగలగొట్టాడు.

"ఈ గుడ్డ మీదుండేది మీ అక్కేనా?"

"అక్కే, బావా. నువ్వు చెయ్యి విరగ్గొట్టిన పొద్దున దీని మీద ఎండలో పడుకుంది."

"కొట్టలేదని సంఘపెద్దల ముందు బైబిలు మీద చెయ్యేసి చెప్పినా. దాని కట్టు దొంగకట్టన్నా. నమ్మినారు."

"ఆస్పత్రికి కూడా పోనీలేదు నువ్వు. దేవుడు కూడా నమ్మినాడా?"

"ఇంకో మాటంటే నీ తల పగులుద్ది. ఆ నీళ్ళ తొట్టి ఇట్ల జరుపు."

"ఎందుకు?"

"ఉతికితే పోని మరక ఉందా?"

"సరే, ఉతుకు బావా. గట్టిగా ఉతుకు."

"ఏందిది, గుడ్డంతా నీలమైతాంది? నడుమ మనిషి తెల్లగా తేలుతాంది."

"కడిగితేనే బొమ్మ నిలుస్తది. ఇందాక మసక. ఇప్పుడు చూడు, మోచేతి కింద ఇంకో మోచెయ్యి ఉన్నట్టు వంగింది."

"నరికి పోగులు పెడతా."

"నరుకు. నీ గొడ్డలి చప్పుడికి వచ్చినోళ్ళంతా వాకిట్లో నిలబడి ఈ గుడ్డ మీద అక్క చేతినే చూస్తాండారు."