నల్లజీడి మచ్చ

"అవ్వా, నువ్వూ తాతా నోటికి గుడ్డ కట్టుకోని నాటకం ఆడినారంట గదా?"

ఆడినాం పాపా, ఆడకేం! ఆ దినాల్లో మా ఊర్లో పెద్దాయన చెప్పిందే చట్టం. ఓట్లు మావి, గుద్దేది ఆయప్ప మనుషులు. బుద్ధెరిగినంక ఒక్కతూరి గూడా నేను ఓటెయ్యలేదంటే నమ్ముతావా? దాని మింద మీ తాత పాట కట్టి, డప్పు కొట్టి మా గుంపుతో ఆడిస్తే, 'ఇంగ నోరెత్తితే నాలిక కోస్తా' అన్నాడు ఆ పెద్దాయన.

సరే, నోరెత్తంలే అన్నాడు మీ తాత. కంబదూరు సంతలో... అప్పుడు టీ రూపాయే, మా చెల్లెలు బోండాలు ఏస్తాండె... ఆ అంగడి ముందర నోటికి గుడ్డలు కట్టుకోని వరసగా నిలబడినాం. పాట లే, మాట లే. మీ తాత పెద్దాయన మాదిరి కుర్చీలో కూసోని మా గోర్లకు సుక్క పెట్టి, మా చీటీలు తనే పెట్టెలో ఏసి, పోండని చెయ్యి ఊపుతాడు. అంతే ఆట. మొదుట నగినారు జనాలు. ఉన్నట్టుండి నగు నిలిచిపోయింది. ఒకామె గంప దించి మా ఎనక నిలబడి గోరు చాపింది. ఇంగ సూడు, ఆమె ఎనక సంతంతా!

ఆడనే మోసపోయినాం. మాది చాకలిల్లు గదా, సిరా యాడ తెస్తాం? గుడ్డలకు గుర్తేసే నల్లజీడి రసం పెట్టినాం. అది కడిగితే పోదు. ఆ వారమే ఓట్లు. బూతు కాడ పెద్దాయన మనుషులు మా వేళ్ళు పట్టుకోని, 'మచ్చ ఉండాది, నువ్వు ఏసేసినావు, పో' అన్నారు! మా ఆటతోనే మమ్మల్ని కొట్టినారు ఎదవలు. ఇప్పుడు తలుసుకున్యా కడుపు మండుతాది. మీ తాత ఎదురు తిరిగితే కుడిచేతి ఏళ్ళు ఇరిసినారు. మళ్ళా డప్పు పట్టలేదు ఆయప్ప.

అప్పుడు ఆ గంపామె, సంతలో నిలబడిందే ఆమె, కొంగు చించి నోటికి కట్టుకోని బూతు ముందర కూసునింది. ఎవురూ చెప్పలే. ఒకరెనక ఒకరు అందరూ కట్టుకోని కూసున్నారు. జీపు దిగిన ఆపీసరు ఎంత అడిగినా ఒక్క మాట లే, ఊరికే వేళ్ళు చూపిచ్చినారు. ఆయన భయపడిపోయి మళ్ళా ఓట్లు పెట్టిచ్చినాడు, ఆతూరి సుక్క నడిమేలికి పెట్టి. ఆపొద్దు నా చేత్తో నేను గుద్దినా పాపా.

ఇప్పుడు ఆ పెద్దాయన కొడుకు, నాయన బొమ్మ నిలబెడతాండాడంట. దాని ముందర మా ఆట ఆడాలంట! 'మా నాయనకు కళలంటే పానం' అని మనిషితో చెప్పి పంపినాడు. సిగ్గుండల్ల! మీ తాత ఏళ్ళిరిసినోని బొమ్మ ముందర నేను ఆడల్లనా? 'ఆ కుర్చీలో కూసునేకి సచ్చిన పెద్దాయన్నే లేచి రమ్మనుపో' అన్నా ఆ మనిషితో.

ఈతూరి నీది మొదటి ఓటంట గదా? ఏదీ, చెయ్యి చాపు... ఎంత తెల్లగుండాయో గోర్లు. సల్లగుండు తల్లీ. పట్టుకోనిచ్చేవు ఈ ఏలు ఎవునికన్నా, జాగర్త...